దారి పోల్చుకునే శక్తిని ఎలా కొలవాలి?

ఒకే కార్యాలయంలో ఒకే రోజున చేరిన ఇద్దరు ఏడాది పాటు ఒకే దారిన వచ్చి పోతుంటారు. ఒకనాడు ఆ దారి మూసివేస్తే, వారిలో ఒకరు క్షణం ఆలోచించి పక్క సందులోకి తిరిగి, రెండు మలుపుల్లో కార్యాలయం చేరుకుంటారు. ఇంకొకరికి దిక్కు తోచదు. రోజూ నడిచిన ఆ వీధికి అటూ ఇటూ ఏముందో, ఆ పక్క సందు ఎటు తేలుతుందో ఏడాది గడిచినా ఆ మనిషి మనసుకు ఎక్కలేదు. చూపు, జ్ఞాపకశక్తి, చదువు, మాటనేర్పు ఇద్దరికీ సమానంగానే ఉండవచ్చు. అయినా ఈ ఒక్క విషయంలో వారి మధ్య ఇంత దూరం ఎందుకుంది, ఆ దూరాన్ని నమ్మదగిన విధంగా కొలవడం ఎలా అన్న ప్రశ్నలకు శాస్త్రం చాలాకాలం పెద్దగా చోటివ్వలేదు. మనుషులందరికీ వర్తించే సగటు సూత్రం కోసమే పరిశోధకులు వెతికారు. మనిషికీ మనిషికీ ఉన్న తేడాను లెక్కలో వచ్చే చిన్న దోషంగా పక్కకు నెట్టారు. గత పాతికేళ్లలో ఆ తేడాయే అసలు విషయంగా మారింది. ఈ పరిశోధనల్లో పదే పదే బయటపడిన సంగతి ఒకటుంది: దారి తెలియడం ఒక్క శక్తి కాదు, కొన్ని శక్తుల కూడిక. అందువల్ల ఏ పరీక్ష పెట్టారన్నదాన్ని బట్టి ఎవరు సమర్థులుగా తేలతారన్నది మారిపోతుంది.

గడియార స్తంభం దగ్గర ఎడమకు, వంతెన దాటాక కుడికి, ఆ తర్వాత మూడో మలుపు అంటూ కొండగుర్తులను పూసల్లా గుచ్చుకుని నడిచేవారు ఉంటారు. ఆ దండ తెగనంత కాలం వారికి ఏ ఇబ్బందీ లేదు; ఒక్క పూస జారితే మాత్రం ముందుకు పోవడానికి ఆధారం ఉండదు. అదే ఊరిని పైనుంచి చూసినట్టు మనసులో పరచుకుని, ఏ చోటు నుంచి ఏ చోటు ఎటు వైపు ఎంత దూరమో చెప్పగలిగేవారు మరికొందరు. మనస్తత్వ శాస్త్రవేత్త ఎడ్వర్డ్ టోల్మన్ 1948లో ప్రచురించిన ప్రసిద్ధ వ్యాసంలో, ఎలుకలు సైతం మలుపుల వరసను బట్టీ పట్టడంతో ఆగకుండా పరిసరాల మనోపటాన్ని తయారుచేసుకుంటాయని వాదించాడు. ఈ రెండింటికీ భిన్నమైన మూడో సామర్థ్యం శరీరంలోనే ఉంది. కళ్లు మూసుకుని నడిచినా ఎన్ని అడుగులు వేశాం, ఎంత తిరిగాం అన్న లెక్కను లోపలి చెవి, కండరాలు, కీళ్లు పంపే సంకేతాల ఆధారంగా మెదడు ఎప్పటికప్పుడు కూడుతూ ఉంటుంది. తానున్న చోటును వదలకుండానే మరో చోట నిలబడి చూస్తున్నట్టు ఊహించగలగడం నాలుగో సామర్థ్యం. ఎదుటివారికి ఫోనులో దారి చెప్పేటప్పుడు పనికొచ్చేది ఇదే.

వీటికి మెదడులో ఆధారాలున్నాయి. జాన్ ఓకీఫ్, జొనాథన్ డొస్ట్రోవ్‌స్కీ 1971లో ఎలుక మెదడులోని హిప్పోకాంపస్ భాగంలో, ఆ ఎలుక ఒక నిర్దిష్టమైన చోటికి చేరినప్పుడే స్పందించే కణాలను గుర్తించారు. వాటినే స్థాన కణాలు అంటారు. మే-బ్రిట్ మోసర్, ఎడ్వర్డ్ మోసర్‌ల బృందం 2005లో పక్కనే ఉన్న ఎంటోరైనల్ కార్టెక్స్‌లో గ్రిడ్ కణాలను వివరించింది. జంతువు తిరిగే నేలంతా సమాన త్రిభుజాల వల పరచినట్టు ఈ కణాలు క్రమమైన దూరాల్లో స్పందిస్తాయి. తల ఎటు తిరిగి ఉందో తెలిపే కణాలు వేరే ఉన్నాయి. ఓకీఫ్‌కు, మోసర్ దంపతులకు 2014లో వైద్యశాస్త్ర నోబెల్ బహుమతి లభించింది. అయితే ఈ కణాలన్నీ ప్రతి ఆరోగ్యవంతుడి మెదడులోనూ ఉన్నవే. ఒకరు దారి తప్పుతూ ఇంకొకరు తప్పకపోవడానికి కారణం ఏమిటో తెలియాలంటే మనుషులను పరీక్షించక తప్పదు.

అన్నింటికన్నా తేలికైన పద్ధతి మనిషినే అడగడం. మేరీ హెగార్టీ బృందం 2002లో ప్రచురించిన శాంటా బార్బరా ప్రశ్నావళిలో 15 వాక్యాలు ఉంటాయి. కొత్త ఊరిలో తొందరగా దారి తప్పుతానా, దారి బాగా చెప్పగలనా, వస్తువులు పెట్టిన చోటు గుర్తుంటుందా వంటి వాటిపై తన గురించి తాను 1 నుంచి 7 వరకు అంకె వేసుకోవాలి. కొద్ది నిమిషాల పని. మామూలుగా తమ తెలివితేటల గురించి మనుషులు ఇచ్చుకునే అంచనాలకు పెద్ద విలువ ఉండదు గాని, ఈ విషయంలో మాత్రం స్వీయ అంచనాకూ అసలు పరీక్షలో చూపే ప్రతిభకూ చెప్పుకోదగిన పొందిక కనిపించింది. దారి తప్పడం అనేది మనిషికి తెలియకుండా జరిగిపోయే పొరపాటు కాకపోవడమే ఇందుకు కారణం కావచ్చు. తప్పిన ప్రతిసారీ కాళ్లు నొప్పి పుడతాయి, ఆలస్యమవుతుంది, ఎవరినో అడగవలసి వస్తుంది. అనుభవం గుర్తు చేస్తూనే ఉంటుంది. అయినా ఆ పొందిక సంపూర్ణం కాదు. ఎప్పుడూ తెలిసిన దారుల్లోనే తిరిగేవారికి తమ అసలు పరిమితి ఎదురుపడే సందర్భమే రాదు.

కాగితం మీద పెట్టే పరీక్షలది మరో తరహా. రోజర్ షెపర్డ్, జాక్వెలిన్ మెట్జ్‌లర్ 1971లో రూపొందించిన పరీక్షలో ఘనాలను అతికించి చేసిన రెండు బొమ్మలు చూపి, ఒకదాన్ని తిప్పితే రెండోది అవుతుందా అని అడుగుతారు. బొమ్మను ఎన్ని డిగ్రీలు తిప్పాలో ఆ మేరకు జవాబుకు పట్టే సమయం పెరుగుతుంది. ఆ తర్వాత వచ్చిన దృక్కోణ పరీక్ష దారి తెలియడానికి ఇంకొంచెం దగ్గరిది. ఒక పేజీ పై భాగంలో చెట్టు, పిల్లి, ఇల్లు, కారు, పువ్వు వంటి కొన్ని బొమ్మలు చెదురుగా ఉంటాయి. కింద ఒక వృత్తం. "మీరు పువ్వు దగ్గర నిలబడి చెట్టు వైపు చూస్తున్నారు, పిల్లి ఎటుంది?" అన్నది ప్రశ్న. వృత్తం నడుమ నిలబడిన చోటు, పైకి గీసిన బాణం చూస్తున్న దిశ. పిల్లి ఉన్న దిశకు ఇంకో బాణం గీయాలి. పేజీని తిప్పకూడదు. కాగితం మీద పిల్లి ఎడమ పక్కనే కనిపిస్తున్నా, పువ్వు దగ్గరినుంచి చూసే మనిషికి అది కుడి వెనుకకు పడవచ్చు. కంటికి కనిపిస్తున్న దిశను అణిచిపెట్టి, ఊహలో కనిపించే దిశను పట్టుకోవాలి. కొందరి బాణాలు అసలు దిశకు పది డిగ్రీల లోపే ఉంటే, మరికొందరి బాణాలు పూర్తిగా వ్యతిరేక దిక్కుకు పోతాయి.

ఈ కాగితపు పరీక్షల్లో బాగా చేసినవారు వీధుల్లోనూ బాగా దారి పట్టగలరా అన్న ప్రశ్నకు హెగార్టీ బృందం 2006లో ఇచ్చిన జవాబు ఆలోచింపజేస్తుంది. బల్ల మీద ఇమిడే వస్తువుల గురించిన తెలివి, చుట్టూ నడిస్తే తప్ప చూడలేని పరిసరాల గురించిన తెలివి కొంతమేరకే కలుస్తాయి. వస్తువును ఒక్క చూపులో పట్టుకోవచ్చు. ఊరిని అలా పట్టలేం. నడుస్తూ ముక్కలుముక్కలుగా చూసి, ఆ ముక్కలను జ్ఞాపకంలో ఒకదానికొకటి అతికించుకోవాలి. అతుకు వేసే ఆ పనిని కాగితం పరీక్షించలేదు. ఉద్యోగ నియామకాల్లోనో శిక్షణ ఎంపికల్లోనో బొమ్మలు తిప్పే పరీక్ష పెట్టి, అందులోని మార్కులను దారి తెలివికి కొలమానంగా తీసుకుంటే ఫలితం తప్పుదారి పట్టిస్తుంది.

అతుకు వేసే పనిని నేరుగా పట్టుకున్న ప్రయోగం తోరు ఇషికావా, డేనియల్ మాంటెల్లో 2006లో ప్రచురించినది. వారు 24 మందిని కారులో కూర్చోబెట్టి, వారికి పరిచయం లేని ప్రాంతంలో రెండు వేర్వేరు దారుల వెంట వారానికి ఒకసారి చొప్పున 10 వారాలు తిప్పారు. నాలుగో విడత నుంచి ఆ రెండు దారులను కలిపే మూడో దారినీ చూపారు. ప్రతిసారీ దిశలు, దూరాలు అడిగారు, పటం గీయించారు. అప్పటి పాఠ్యపుస్తకాల ప్రకారం మొదట కొండగుర్తులు, ఆపైన దారుల వరస, చివరికి మొత్తం పటం అన్న మెట్ల క్రమంలో అందరూ నెమ్మదిగా ఎదగాలి. అలా జరగలేదు. కొందరు మొదటి రెండు విడతల్లోనే దాదాపు సరైన దిశలు చూపారు. కొందరు 10 వారాల తర్వాత కూడా మొదటి వారంలో ఉన్నచోటే ఉన్నారు. పాఠ్యపుస్తకం చెప్పినట్టు క్రమంగా మెరుగైనవారు కొద్దిమందే. అనుభవం పెరిగితే అందరికీ దారి తెలిసిపోతుందన్న నమ్మకానికి ఈ 10 వారాలు గట్టి దెబ్బ. రోజూ అదే దారిన వచ్చిపోయే ఉద్యోగికి ఏడాది తర్వాత కూడా పక్క సందు ఎటు తేలుతుందో తెలియకపోవడం అశ్రద్ధ కానక్కర లేదని దీన్నిబట్టి అర్థమవుతుంది.

అదే ప్రయోగాన్ని కంప్యూటరు తెర మీదికి తెచ్చినది స్టీవెన్ వైస్‌బర్గ్, నోరా న్యూకూంబ్ తదితరులు 2014లో వివరించిన సిల్క్‌టన్ అనే కాల్పనిక పట్టణం. ఇందులో రెండు ప్రధాన దారులు, ఒక్కో దారిలో నాలుగేసి భవనాలు ఉంటాయి; ఆ తర్వాత రెండు దారులనూ కలిపే బాటలు చూపుతారు. పరీక్షలో మనిషి ఒక భవనం ముందు నిలబడి, తెర మీది గుర్తును తిప్పుతూ, కంటికి కనిపించని మరో భవనం ఏ దిశలో ఉందో చూపాలి. ఇక్కడ అంకెల గురించి ఒక మాట అవసరం. కళ్లు మూసుకుని ఏదో ఒక దిశ చూపినా దోషం సున్నాకూ 180 డిగ్రీలకూ మధ్య ఎక్కడో పడుతుంది కాబట్టి, గుడ్డిగా చూపేవారి సగటు దోషం 90 డిగ్రీలకు చేరుతుంది. అంటే 90కి దగ్గరగా వచ్చినవారికి ఆ పట్టణం గురించి ఏమీ తెలియనట్టే లెక్క. ఒకే దారిలోని భవనాల మధ్య దిశలను, వేర్వేరు దారుల్లోని భవనాల మధ్య దిశలను విడివిడిగా లెక్కిస్తే మూడు గుంపులు తేలాయి. రెండింటిలోనూ సమర్థులు మొదటి గుంపు. ఒక దారిలోపల బాగానే చూపి, దారి మారితే తడబడేవారు రెండోది. రెండింటిలోనూ తడబడేవారు మూడోది. రెండో గుంపే అన్నింటికన్నా ఎక్కువ సంగతులు చెబుతుంది. వారి జ్ఞాపకంలో రెండు దారులూ చెక్కుచెదరకుండా ఉన్నాయి. ఒకదాని పక్కన ఒకటి పరచి చూసే పని మాత్రం జరగలేదు. ఒకే దారిలో నడిపించి పరీక్షించి ఉంటే, వీరికీ మొదటి గుంపువారికీ తేడాయే కనిపించేది కాదు.

సామర్థ్యం వేరు, అలవాటు వేరు. కొన్ని పరీక్షలు మనిషి ఏం చేయగలడన్నది కాక, వదిలేస్తే ఏం చేస్తాడన్నది చూస్తాయి. జుసెప్పె ఇయారియా, వెరోనిక్ బొబో తదితరులు 2003లో ఎనిమిది బాటలు చీలిన కాల్పనిక వలయాన్ని వాడారు. సరైన బాటలను గుర్తుపెట్టుకోవడానికి దాదాపు సగం మంది చుట్టూ ఉన్న కొండగుర్తులను ఒకదానితో ఒకటి పోల్చుకున్నారు. మిగిలినవారు మొదటి బాట నుంచి వరసగా లెక్కపెట్టుకున్నారు. ఫలితాలు రెండు విధాలుగానూ బాగానే వచ్చాయి. కానీ మెదడు చిత్రాల్లో మొదటివారికి హిప్పోకాంపస్, రెండోవారికి అలవాట్లను నడిపే కాడేట్ భాగం చురుగ్గా కనిపించాయి. స్టీవెన్ మార్చెట్ బృందం 2011లో ఒక నిర్ణీత మార్గాన్ని బాగా నేర్పించి, తర్వాత ఒక వస్తువు దగ్గరకు వెళ్లమని చెప్పి వదిలింది. నేర్చిన దారినే పోయేవారు, అడ్డదారి వెతుక్కునేవారు అంటూ మనుషులు రెండు జాతులుగా చీలలేదు. ఈ కొస నుంచి ఆ కొస దాకా వరసగా పరుచుకున్నారు. తెలిసిన దారిన పోవడం తక్కువ తెలివి అనుకోవడం పొరపాటు. తొందరలో ఉన్నప్పుడు, మనసు వేరే పనిలో ఉన్నప్పుడు అలవాటు దారే మేలు. దారి మూసుకుపోయిన రోజున మాత్రమే రెండో తరహా విలువ తెలుస్తుంది.

తెర మీది పరీక్షలన్నింటికీ ఒక లోటు ఉంది: కాళ్లు కదలవు. శరీరం పోగుచేసే అడుగుల లెక్కను చూడాలంటే మనిషిని నడిపించాలి. అందుకు ఎప్పటినుంచో ఉన్న పద్ధతి త్రిభుజ పరీక్ష. కళ్లకు గంతలు కట్టి కొంత దూరం నేరుగా నడిపించి, ఒక కోణంలో తిప్పి, మళ్లీ కొంత దూరం నడిపించి, మొదలుపెట్టిన చోటికి నేరుగా వెళ్లమంటారు. మూడో భుజాన్ని ఎవరూ చూపరు. నడిచిన రెండు భుజాల నుంచి దాన్ని రాబట్టుకోవాలి. ఎంతో నమ్మకంగా నడిచిపోయి, మొదటి చోటుకు చాలా దూరంలో ఆగి "ఇదే" అనేవారు ఉంటారు. ఈ లోపలి లెక్క ఎంత తొందరగా చెడుతుందో యాన్ సౌమన్ బృందం 2009లో చూపింది. జర్మనీలోని అడవిలో నేరుగా నడవమన్నప్పుడు, సూర్యుడు కనిపించినవారు నేరుగానే నడిచారు. మబ్బు పట్టిన రోజున నడిచినవారు తమకు తెలియకుండానే చుట్లు తిరిగి తాము నడిచిన బాటనే దాటారు. గంతలు కట్టుకుని నడిచినవారిలో కొందరి చుట్టు వ్యాసం 20 మీటర్లకు మించలేదు. వెలుపలి ఆనవాలు ఏదో ఒకటి లేకపోతే ఎంతటివారికైనా దోషం అడుగడుగునా పేరుకుంటుందన్నమాట; మనుషుల మధ్య తేడా అల్లా అది ఎంత వేగంగా పేరుకుంటుందన్నదే.

ప్రయోగశాలకు వచ్చేవారు సాధారణంగా కొన్ని పదుల మంది, అదీ ఎక్కువగా విశ్వవిద్యాలయ విద్యార్థులు. వయసు, దేశం, పెంపకం ప్రభావాలను విడదీయడానికి ఆ సంఖ్య చాలదు. ఆ చిక్కును దాటడానికి 2016లో సీ హీరో క్వెస్ట్ అనే మొబైల్ ఆట విడుదలైంది. హ్యూగో స్పియర్స్, మైకేల్ హార్న్‌బర్గర్, ఆంటువాన్ కూట్రో తదితరులు దీని వెనుక ఉన్న శాస్త్రవేత్తలు. 40 లక్షలకు పైగా మనుషులు దీన్ని ఆడారు. ఆట మొదట ఒక పటం చూపుతుంది. అందులో 1, 2, 3 అని గుర్తుపెట్టిన చోట్లు ఉంటాయి. పటం మాయమయ్యాక పడవ నడుపుతూ ఆ చోట్లను ఆ వరసలోనే చేరుకోవాలి. మరికొన్ని అంచెల్లో వంపులు తిరిగిన కాలువ వెంట పోయి, చివర ఆగి, బయలుదేరిన చోటు ఎటుందో మూడు దిశల్లో ఒకటి ఎంచుకోవాలి. ఫోను ఆటలకు అలవాటు పడిన కుర్రవాడు వేళ్ల చురుకుతోనే ముందుకు పోతాడన్న అనుమానం సహజం. అందుకే దారి వెతకవలసిన అవసరం లేని మొదటి అంచెల్లో ఆటగాడు చూపిన నేర్పును కొలిచి, తర్వాతి అంచెల ఫలితాలను దానితో సరిచూశారు. ఆటలో ప్రతిభ చూపినవారు లండన్, పారిస్ వీధుల్లో పెట్టిన నడక పరీక్షలోనూ మెరుగ్గా చేశారని 2019లో ప్రచురించిన అధ్యయనం నిర్ధారించింది. ఈ రెండు జాగ్రత్తలూ లేకపోతే అన్ని లక్షల మంది అంకెలకూ అర్థం ఉండేది కాదు.

2018లో వెలువడిన తొలి పెద్ద విశ్లేషణలో వయసు ప్రభావం స్పష్టంగా కనిపించింది: యౌవనం తొలినాళ్ల నుంచే సగటు ప్రతిభ వాలు పట్టి, ముసలితనం దాకా దిగుతూనే పోతుంది. దేశ సంపద పెరిగే కొద్దీ సగటు ప్రతిభ కూడా పెరిగింది. దీన్ని జాగ్రత్తగా చదవాలి. పేద దేశపు మనిషికి దారి తెలియదని ఇది చెప్పడం లేదు. చదువు, ఆరోగ్యం, ప్రయాణించే అవకాశం, తెర మీది పటాలతో పరిచయం ఇవన్నీ సంపదతో ముడిపడి ఉన్నవే. పైగా ఆట ఆడినవారంతా స్మార్ట్‌ఫోను చేతికందినవారు.

స్త్రీపురుషుల తేడా విషయంలో ఇదే అధ్యయనం చూపిన సంగతికి ఇంకా ఎక్కువ విలువ ఉంది. సగటున పురుషులు కొంత మెరుగ్గా చేశారు. కానీ ఆ అంతరం అన్ని దేశాల్లో ఒకేలా లేదు. స్త్రీపురుష అసమానత ఎక్కువ ఉన్న దేశాల్లో అది పెద్దది, సమానత్వం మెరుగైన దేశాల్లో చిన్నది. బొలీవియాలోని త్సిమానే ప్రజలు ఇంకో ఉదాహరణ. 2016లో ప్రచురితమైన అధ్యయనంలో వారి స్త్రీపురుషుల దిశాజ్ఞానంలో చెప్పుకోదగ్గ తేడా కనబడలేదు. అనేక ప్రయోగాలను కలిపి 2019లో చేసిన సమీక్షలో సగటు అంతరం ప్రామాణిక విచలనంలో మూడో వంతుకు కాస్త ఎక్కువగా తేలింది. మామూలు మాటల్లో చెప్పాలంటే, యాదృచ్ఛికంగా ఒక పురుషుణ్ణీ ఒక స్త్రీనీ ఎంచి పరీక్షిస్తే, 100 సార్లలో సుమారు 60 సార్లు పురుషుడు, 40 సార్లు స్త్రీ ముందుంటారు. స్త్రీలలో స్త్రీలకూ, పురుషులలో పురుషులకూ మధ్య ఉన్న తేడాలు దీనికన్నా ఎన్నో రెట్లు పెద్దవి. అయినా చర్చ ఎప్పుడూ ఈ చిన్న అంతరం చుట్టూనే తిరగడం విచారకరం. దారి తప్పుతామన్న భయం కూడా లెక్కలోకి రావాలి. ఆ భయం ఉన్నవారు కొత్త దారులకు పోరు, పోనందువల్ల తెలియదు, తెలియనందువల్ల భయం పెరుగుతుంది. ఒంటరిగా తిరగడానికి ఎవరికి అనుమతి ఉంది, ఎవరికి భద్రత ఉంది అన్న సామాజిక విషయం ఈ విధంగా డిగ్రీల లెక్కలోకి చొరబడుతుంది.

పెరిగిన చోటు ముద్ర ఎంత లోతుగా పడుతుందో 2022లో నేచర్ పత్రికలో వచ్చిన విశ్లేషణ తేల్చింది. 38 దేశాలకు చెందిన 3,97,162 మంది ఫలితాలను పరిశీలిస్తే, మొత్తం మీద నగరాల వెలుపల పెరిగినవారు మెరుగ్గా ఉన్నారు. అయితే షికాగోలాగా వీధులు గళ్లగళ్లుగా ఉండే నగరాల్లో పెరిగినవారు ఆటలో క్రమంగా అమర్చిన అంచెల్లోనూ, ప్రాగ్‌లాగా వీధులు మెలికలు తిరిగే నగరాల్లోనో పల్లెల్లోనో పెరిగినవారు చిక్కుగా ఉన్న అంచెల్లోనూ రాణించారు. ఒకే పరీక్ష, అమరిక మార్చగానే, వేర్వేరు మనుషులను సమర్థులుగా చూపింది. భాషకూ ఇందులో పాత్ర ఉంది. ఆస్ట్రేలియా ఉత్తర క్వీన్స్‌లాండ్‌లోని గూగు యిమిథిర్ భాషలో కుడి ఎడమలకు బదులు ఎప్పుడూ దిక్కుల పేర్లే వాడతారు. ఆ భాష మాట్లాడాలంటే ఉత్తరం ఎటుందో ఎల్లవేళలా తెలిసి ఉండాలి. వారి దిశాజ్ఞానం ఎంత కచ్చితమైనదో స్టీఫెన్ లెవిన్సన్ పరిశోధనలు నమోదు చేశాయి.

సాధన మెదడును మారుస్తుందా? లండన్ టాక్సీ డ్రైవర్లు చేరింగ్ క్రాస్ చుట్టూ ఆరు మైళ్ల పరిధిలోని సుమారు 25,000 వీధులను కంఠతా నేర్చుకుంటేనే లైసెన్సు వస్తుంది. ఎలనార్ మగ్వైర్ 2000లో వారి హిప్పోకాంపస్ వెనుక భాగం ఇతరులకన్నా పెద్దదని చూపారు. 2011 నాటి అధ్యయనం ఇంకా బలమైనది: శిక్షణలో చేరిన 79 మందిని మొదట్లో పరీక్షించి, వారిలో తిరిగి వచ్చినవారిని కొన్నేళ్ల తర్వాత మళ్లీ పరీక్షించగా, ఉత్తీర్ణులైన 39 మందిలోనే ఆ భాగం పెరిగింది. ఇక్కడినుంచి చాలామంది ఒక అడుగు ముందుకు దూకి, దారి బాగా తెలిసిన మామూలు మనుషులందరికీ హిప్పోకాంపస్ పెద్దదిగా ఉంటుందనుకున్నారు. 2019లో 90 మందిపై సిల్క్‌టన్ పరీక్షతోనూ, 2020లో మగ్వైర్ బృందమే 217 మందిపైనా చూసినప్పుడు అటువంటి సంబంధం కనిపించలేదు. ఏళ్ల తరబడి చేసిన అసాధారణ సాధన మిగిల్చిన గుర్తు వేరు, మామూలు మనుషుల మధ్య సహజంగా ఉన్న తేడాకు కారణం వేరు. స్కానింగులో పరిమాణం కొలిచి ఒకరి దారి తెలివిని చెప్పేస్తామంటే నమ్మనక్కర లేదు.

సాధన లేకపోవడం సంగతీ అంతే జాగ్రత్తగా చూడాలి. లూయీజా దహ్మానీ, వెరోనిక్ బొబో 2020లో ప్రచురించిన అధ్యయనంలో, 50 మంది డ్రైవర్లలో జీపీఎస్‌ను ఎక్కువగా వాడేవారికి స్వయంగా దారి వెతుక్కోవలసి వచ్చినప్పుడు స్థల జ్ఞాపకం తక్కువగా కనిపించింది. మూడేళ్ల తర్వాత వారిలో 13 మందిని మళ్లీ పరీక్షిస్తే, వాడకం ఎక్కువైనవారిలో క్షీణతా ఎక్కువైంది. తమకు దారి తెలివి లేదనే భావనతో వారు జీపీఎస్‌ను ఆశ్రయించారన్న వివరణ ఇక్కడ నిలవలేదు. కానీ 13 మంది చాలా చిన్న సంఖ్య. భయపడి ఫోను పారేయవలసినంత రుజువు ఇది కాదు.

వరసకు ఒక కొసన, మెదడుకు ఏ దెబ్బా తగలకపోయినా, తెలివితేటల్లో ఏ లోపమూ లేకపోయినా, పుట్టిపెరిగిన పరిసరాల్లో సైతం దారి తప్పేవారు ఉన్నారు. ఇయారియా బృందం 2009లో అటువంటి ఒక స్త్రీ స్థితిని తొలిసారిగా వివరించింది. ఆమె తన మనసులో పరిసరాల పటాన్ని నిర్మించుకోలేకపోయేది. నేర్చిన మలుపుల వరసను పట్టుకునే కార్యాలయానికి వెళ్లి వచ్చేది. ఆ తర్వాత అటువంటివారు అనేకులు బయటపడ్డారు. చిన్నప్పటినుంచీ అజాగ్రత్త, మొద్దుతనం అన్న నిందలు పడినవారికి, తమ స్థితికి ఒక పేరుందని తెలియడమే పెద్ద ఊరట.

ఈ కొలతల అవసరం అన్నింటికన్నా ఎక్కువగా ఉన్నది వైద్యంలో. అల్జైమర్స్ వ్యాధి తొలిదశలోనే దెబ్బతీసే భాగాల్లో గ్రిడ్ కణాలున్న ఎంటోరైనల్ కార్టెక్స్ ఒకటి. డెనిస్ చాన్ బృందం 2019లో వృద్ధులకు వర్చువల్ రియాలిటీ కళ్లద్దాలు పెట్టి నిజంగా నడిపించింది. ఒకదాని తర్వాత ఒకటిగా కనిపించే మూడు గుర్తుల దగ్గరకు నడిచి, మూడోదాని నుంచి, అప్పటికి మాయమైన మొదటిదాని చోటుకు తిరిగి వెళ్లాలి. పాత త్రిభుజ పరీక్షకు ఇది కొత్త రూపం. జ్ఞాపకశక్తి స్వల్పంగా మందగించినవారిలో అల్జైమర్స్ రసాయన సూచికలు ఉన్నవారి దోషం, లేనివారి దోషంకన్నా ఎక్కువగా వచ్చింది. అదే ఏడాది జిలియన్ కాగ్లన్ బృందం, ఏ మతిమరుపూ లేని 60 మందిలో, వ్యాధి ముప్పు పెంచే ఏపీఓఈ ఎప్సిలాన్-4 జన్యురూపం ఉన్నవారు సీ హీరో క్వెస్ట్‌లో అవసరానికి మించి చుట్టూ తిరుగుతూ, ఒడ్డు వెంట పోవడానికి మొగ్గు చూపుతున్నారని గమనించింది. మామూలు జ్ఞాపక పరీక్షల్లో ఆ రెండు గుంపులకూ తేడా లేదు.

అయితే ఆ 60 మందిని సరిపోల్చడానికి అదే వయసులో ఉన్న 27,108 మంది ఆటగాళ్ల ఫలితాలు ముందుగా అందుబాటులో ఉన్నాయి. గుంపుల విషయంలో ఆ పోలిక చాలు. ఆసుపత్రికి వచ్చిన ఒక్క మనిషి విషయంలో చాలదు. దిశ చూపే పరీక్షలో ఆరోగ్యవంతుల్లోనే దోషం పది డిగ్రీల నుంచి 90 డిగ్రీల దాకా పరుచుకుని ఉన్నప్పుడు, అరవై ఏళ్ల మనిషికి 45 డిగ్రీలు వచ్చాయంటే అది జీవితమంతా ఉన్న స్వభావమా, రెండేళ్ల కిందట మొదలైన క్షీణతా అన్నది ఒక్క పరీక్షతో తేలదు. నలభై, యాభై ఏళ్లప్పుడు అదే పరీక్షలో ఆ మనిషికి వచ్చిన అంకెలు ఎక్కడైనా భద్రంగా ఉంటే తప్ప, ఆ 45 డిగ్రీలు కొత్తవో పాతవో వైద్యుడు చెప్పలేడు.